చన్నీళ్లలో ఖీమా

ఆదివారం పొద్దున ఏడున్నర. నాచారంలో మటన్ కొట్టు ముందు నాకంటే ముందు ఎనిమిది మంది. చింతమొద్దు మీద కత్తి పడుతున్న చప్పుడు, పక్క బండి మీద మరుగుతున్న చాయ్ వాసన, మల్లాపూర్ వైపు పోయే ఆటోల మోత. నా వంతు వచ్చింది.

"అరకిలో ఖీమా అన్నా. మిషన్‌ల రెండుసార్లు తియ్యి. ఒక గుండెకాయ గూడ అండ్లనే వెయ్యి."

కత్తి ఆగింది. "రెండుసార్లు తీస్తే ముద్దయితది. గుండెకాయ ఖీమాలేంది, వేయించుకుంటరు గద?"

వెనక పెద్దమనిషి కూడా మెడ సాచి చూశాడు. మా అక్క అమెరికా నుంచి వచ్చిందనీ, అక్కడ మిషిగన్‌లో ఫ్లింట్ అనే ఊళ్లో హాట్‌డాగ్ మీద పోసే మాంసం సాస్‌లో ఎద్దు గుండె కలుపుతారనీ ఆ వరసలో నిలబడి చెప్పుకోలేను. "ఇంట్ల అట్లనే చెప్పిన్రు" అన్నాను. ఇంట్లో చెప్పారంటే ఇక్కడ ఎవరూ ఎదురు మాట్లాడరు.

బన్నుల కోసం ఉప్పల్ పోవాలి. హబ్సిగూడ మలుపు తిరిగితే అక్కడినుంచి మెట్రో నీడ. ఎన్జీఆర్‌ఐ, స్టేడియం, ఉప్పల్: ఒక్కో స్టేషన్ కిందుగా స్కూటర్ పోతోంది. సాయంత్రం మ్యాచ్ ఉంది. రోడ్డు పక్కన తాళ్లకు నారింజ రంగు జెర్సీలు అప్పుడే వేలాడుతున్నాయి. చౌరస్తాలో తల మీద గుండ్రంగా తిరిగే స్కైవాక్, దాని అవతల 2018లో శంకుస్థాపన జరిగి ఇంకా పూర్తికాని నారపల్లి ఫ్లైఓవర్. ఆ స్తంభాల మధ్య దుమ్ములో బేకరీ. పొడుగు బన్నులు పన్నెండు, వేడి ఇంకా తగ్గలేదు. సంచి కట్టకుండా మూతి తెరిచి ఇచ్చాడు బేకరీ అబ్బాయి, చెమ్మ పట్టకుండా.

హెచ్‌ఎంటీ నగర్‌లో ఇంటికి వచ్చేసరికి వంటింట్లో అప్పటికే యుద్ధం.

అమ్మ మూకుడు పెట్టి నూనె పోసింది. అక్క స్టవ్ ఆపేసింది. "అమ్మా, నూనె వద్దు. గిన్నెల చన్నీళ్లు పొయ్యి."

"పచ్చి ఖీమా నీళ్లలనా? నీసు వాసన కొట్టదా?"

అక్క జవాబు చెప్పలేదు. రెండు గ్లాసుల ఫ్రిజ్ నీళ్లలో ఖీమా వేసి, చేత్తో పిసకడం మొదలుపెట్టింది. నీళ్లు మొదట గులాబీ రంగు, తర్వాత బురద రంగు. ముద్ద విడిపోయి గోధుమ రవ్వలా అయింది. కిటుకంతా ఇక్కడే. వేడి మూకుడు తగలగానే మాంసంలోని ప్రొటీన్ గట్టిపడి, రవ్వ రవ్వను పట్టుకుని ఉండలు కడుతుంది. చన్నీళ్లలో ముందే విడదీసి, ఆ నీళ్లతోనే మెల్లగా వేడెక్కిస్తే ఏ రవ్వకు ఆ రవ్వ విడిగా ఉడుకుతుంది. మనకు ఖీమా పంటికి తగలాలి. ఆ హాట్‌డాగ్ వాళ్లకు తగలకూడదు, సాసేజ్ మీద పోస్తే జారాలి. సిన్సినాటి వాళ్లు చిల్లీ అనే సాస్‌ను ఇట్లాగే వండుతారు. 1922లో మాసిడోనియా నుంచి వచ్చిన అన్నదమ్ములు అక్కడ పెట్టిన కొట్టులో మొదలైంది ఆ వంట, దాల్చినచెక్క, లవంగాలతో సహా. మిషిగన్‌లోనే ఉన్న డెట్రాయిట్‌లో గ్రీకువాళ్లు 1917 నుంచే కోనీ ఐలాండ్ పేరుతో హాట్‌డాగ్ హోటల్ నడుపుతున్నారు. కోనీ ఐలాండ్ ఉన్నదేమో న్యూయార్క్‌లో. మన మైసూర్ బజ్జీకి మైసూరుతో ఉన్న చుట్టరికమే అది.

గిన్నె పొయ్యి మీద. సన్నగా తరిగిన ఉల్లిగడ్డ, దంచిన వెల్లుల్లి, జీలకర్ర పొడి చెంచాన్నర, దాల్చినచెక్క, టమాటా గుజ్జు, కొంచెం వెనిగర్. ఇక కారం. అక్క ఫోన్‌లో రాసుకున్న లెక్క ప్రకారం చిల్లీ పౌడర్ మూడు పెద్ద చెంచాలు. అమ్మ కారం డబ్బా మూత తీసింది. ఒక చెంచా పడింది. రెండో చెంచా గాల్లో ఉండగా అక్క చెయ్యి పట్టుకుంది. అమెరికాలో ఆ పేరుతో అమ్మేది జీలకర్ర, వెల్లుల్లి, ఓరెగానో కలిపిన మసాలా, మన కారం కాదు.

"మరి కారం పొడి అని ఎందుకు పేరు పెట్టుకున్నరు?" అంది అమ్మ, చెంచా డబ్బాలో దులుపుతూ. నాకైతే సబబైన ప్రశ్నే అనిపించింది.

గంట గడిచింది. మూత తీస్తే ఆవిరిలో దాల్చినచెక్క, దాని వెనక జీలకర్ర. నీసు లేదు. అమ్మ వంగి వాసన చూసి, ఏమీ అనలేదు. పైకి తేలిన కొవ్వును గరిటెతో తీసి వేరే గిన్నెలో పోసింది. "ఇది ఉంటే చల్లారంగనే అంగిలికి అంటుకుంటది" అంది. మాంసం నీళ్లలో వెయ్యడం ఆమెకు కొత్త కానీ, మటన్ కొవ్వు సంగతి ఆమెకు ఎవరూ చెప్పనక్కర్లేదు. ఎద్దు కొవ్వుకన్నా ఇది త్వరగా పేరుకుంటుంది. అక్క ఆ గిన్నెకేసి చూసి తలూపింది.

రాత్రి డాబా మీద చాప. ఉప్పల్ వైపు ఆకాశం ఫ్లడ్‌లైట్లతో తెల్లబారింది. అప్పుడప్పుడు గాలి తిరిగినప్పుడు జనం హోరు. ఫోన్‌లో సిక్స్ పడేది ఆ హోరు తర్వాత కాసేపటికి. బన్ను చీల్చి, చికెన్ సాసేజ్ పెట్టి, మీద సాస్, దాని మీద ఆవపిండి ముద్దలాంటి పచ్చటి మస్టర్డ్, పచ్చి ఉల్లిగడ్డ ముక్కలు. మేనల్లుడు మొదటి ముక్క కొరికాడు. సాస్ మోచేతి దాకా కారింది. వాళ్లమ్మ మొహంలోకి చూసి, నమిలి, మింగాడు.

"డెట్రాయిట్‌ల లఫాయెట్ హోటల్ లెక్క లేదు మామా."

"బాలేదా?"

"బాగుంది. ఇంకోటి."

అమ్మ మాత్రం సాసేజ్ తీసి పక్కన పెట్టి, బన్నులో ఒట్టి సాస్, ఉల్లిగడ్డ పెట్టుకుని తింది. నిమ్మకాయ పిండుకుంది. మూడో ముద్దకు చేతిలోది చూసి, "గుండెకాయ తెలుస్తలేదు" అంది, తప్పు పడుతున్నట్టూ కాదు, మెచ్చుకుంటున్నట్టూ కాదు.

మ్యాచ్ అయ్యేసరికి పదకొండు దాటింది. కిందికి దిగితే వంటింట్లో దీపం. గిన్నెలో అడుగున పావు వంతు సాస్ మిగిలింది. అమ్మ మూకుడు పెట్టి, నూనె పోసి, పచ్చిమిర్చి చీల్చి వేసి, ఆ మిగిలిన ఖీమాను అందులో ఒంపింది. నీళ్లింకి చిటపటలాడుతోంది. పెద్ద మంట మీద అట్లకాడతో తిప్పుతోంది.

"రేపు పొద్దుగాల జొన్నరొట్టెలకు" అంది, నా వైపు తిరక్కుండానే. "మీ అక్కకు చెప్పకు."