తీగల మీద గొంతు

పాట అనగానే మనవాళ్ళం రాసిందెవరు, పాడిందెవరు, బాణీ ఎవరిది అని అడుగుతాం. వెనకాల వయొలిన్లకి స్వరాలు రాసిందెవరని అడిగేవాళ్ళు తక్కువ. ఈ పూట ఆ నాలుగో మనిషి సంగతి చెబుతాను. పాట తెలుగుది కాదు. 1968లో కాపిటల్ రికార్డ్స్ విడుదల చేసిన 'విచిటా లైన్‌మన్'.

పాడింది గ్లెన్ క్యాంబెల్, రాసింది జిమ్మీ వెబ్. ఓక్లహోమాలోని వాషిటా కౌంటీలో కారు నడుపుతూ పోతుంటే, టెలిఫోన్ స్తంభం మీద ఒంటరిగా పని చేసుకుంటున్న మనిషి వెబ్‌కి కనబడ్డాడట. పాటలో ఆ లైన్‌మన్‌కి తీగల రొదలో తన మనిషి గొంతు వినబడుతుంది. కథ అంతే. ఆమె ఎవరో, ఎందుకు దూరమైందో ఒక్క ముక్క ఉండదు. అది చెప్పే పని వాద్యాల మీద పడింది. ఆ ఏడాది ఐదు లక్షల పైచిలుకు అమెరికన్ సైనికులు వియత్నాంలో ఉన్నారు. దూరంగా ఉన్నవాళ్ళ కోసం చెవి ఒగ్గిన ఇళ్ళకి ఈ దేశంలో కొదవ లేదు. పాట బిల్‌బోర్డ్ హాట్ 100లో 3వ స్థానం దాకా వెళ్ళింది.

వాద్యాలు కూర్చినవాడు ఆల్ డి లోరీ. పై స్థాయిలో సన్నగా సాగే ఆ వయొలిన్లు గాలికి తీగ మోగినట్టే ఉంటాయి. మధ్యలో ఒకే స్వరం టెలిగ్రాఫు కొట్టినట్టు తిరిగి తిరిగి వస్తుంది. మూడో చరణం వెబ్ రాయనే లేదు, పూర్తికాని పాటగానే పంపాడు. ఆ ఖాళీలో క్యాంబెల్, బేస్ వాయించిన కరోల్ కే గారి ఆరు తీగల బేస్ గిటారు అడిగి తీసుకుని, బాణీనే మంద్రంలో వాయించాడు. నన్నడిగితే పాట మొత్తానికి అదే గొప్ప చోటు. ఏమనాలో తోచక మాటలు ఆపేసిన మగవాడు లోలోపల గొణుక్కున్నట్టుంటుంది.

ఇంకో విశేషం. మన సంగీతంలో రాగం ఎంత దూరం తిరిగినా తంబూరా షడ్జమాన్ని పట్టుకునే ఉంటుంది, ఇల్లు ఇక్కడే ఉందని చెబుతూ. ఈ పాట ఎఫ్ శ్రుతిలో మొదలై డి వైపు జరుగుతుంది. చివర్లో ఎఫ్ మీదకి వచ్చి నిలవదు, తీగల మోతలోనే మెల్లిగా వినబడకుండా పోతుంది. సంగీతం రాని చెవికి కూడా ఇల్లు చేరలేదని తెలుస్తుంది. ఊరు వదిలి వచ్చిన మనకి మరీను.

'మల్లీశ్వరి' (1951)లో 'ఆకాశవీధిలో' పాట గుర్తుచేసుకోండి. అక్కడ కబురు మోసేది మేఘం, ఇక్కడ తీగ. కానీ అక్కడ ఘంటసాల గారి గొంతుకి భానుమతి గారి గొంతు తోడుంది. ఇక్కడ బదులు పలికేది వయొలిన్లే. కృష్ణశాస్త్రి గారు, సాలూరి రాజేశ్వరరావు గారు అందరికీ తెలుసు. ఆ సినిమాకి వాద్యబృందాన్ని చూసుకున్న అద్దేపల్లి రామారావు గారి పేరు ఎంతమందికి గుర్తుందో!

సరే, పాట వేస్తున్నాం. మంద్రంలో గిటారు వచ్చేటప్పుడు మాత్రం పిల్లల్ని కాస్త ఊరుకోమనండి.