ఏడు రంగుల హాదీ సాబ్

పోయిన జుమ్మా రోజు నమాజ్ చదివి నాచారం మజీదు మెట్లు దిగుతుంటే మావాడు నా చెయ్యి పట్టుకుని ఆగాడు.

"అబ్బా, కోచ్ సాబ్ ఫుట్‌బాల్ బంద్ చెయ్యమంటున్నరు. క్రికెట్ ఒక్కటే ఆడితేనే ముందుకు పోతవంట."

తొమ్మిదో తరగతి పిల్లవాడు. పొద్దున బ్యాటు, సాయంత్రం బంతి, రాత్రి దాదాతో షత్రంజ్. నేను ఏదో ఒకటి చెప్పేలోపే పక్కనున్న ఒక పెద్దాయన అందుకున్నాడు. "పఢోగే లిఖోగే బనోగే నవాబ్, ఖేలోగే కూదోగే హోగే ఖరాబ్!" అందరూ నవ్వారు. మావాడు మాత్రం నవ్వలేదు.

ఈ సామెత వినని ముసల్మాన్ ఇల్లు మన దగ్గర ఉండదు. నా చిన్నప్పుడు ఉర్దూ మీడియం బడిలో ఉస్తాద్ దీన్ని బెత్తంతో పాటు వాడేవారు. చదువుకుంటే నవాబు, ఆడుకుంటే ఖరాబు. కానీ ఇదే షహర్‌లో చదువుకీ ఆటకీ ఇద్దరికీ న్యాయం చేసిన ఒక మనిషి ఉన్నాడు. ఆ రోజు ఇంటికొచ్చి మావాడికి ఆయన కహానీ చెప్పాను. మీకూ చెప్తాను.

ఆయన పేరు సయ్యద్ మొహమ్మద్ హాదీ. 1899 ఆగస్టు 12న హైదరాబాద్‌లో పుట్టారు. తండ్రి నిజాం ఫౌజులో కెప్టెన్. కొడుకుకి ఊహ తెలియకముందే తండ్రి అల్లాకు ప్యారే అయ్యారు. ఆ యతీం పిల్లవాణ్ణి పెంచింది పైగా ఖాందాన్‌కు చెందిన నవాబ్ మొయినుద్దౌలా ఇల్లు. క్రికెట్ తెలిసినవాళ్ళకి ఈ పేరు ఎక్కడో విన్నట్టు ఉంటుంది. మొయినుద్దౌలా గోల్డ్ కప్ ఆయన పేరు మీదిదే. 1930లో సికింద్రాబాద్ జింఖానా మైదానంలో జరిగిన ఆ పోటీలకు ఇంగ్లండ్ నుంచి జాక్ హాబ్స్, సట్‌క్లిఫ్ లాంటి వాళ్ళొచ్చి ఆడారు. అలాంటి ఇంట్లో పెరిగిన పిల్లవాడికి ఆట ఐబు కాలేదు. తాలీంలో ఒక భాగమే అయింది.

అక్కడి నుంచి ఆయన కేంబ్రిడ్జ్‌లోని పీటర్‌హౌస్ కాలేజీకి వెళ్ళారు. అక్కడ చదువూ నడిచింది, ఆటలూ నడిచాయి. క్రికెట్, హాకీ, ఫుట్‌బాల్, టెన్నిస్, టేబుల్ టెన్నిస్, పోలో, షత్రంజ్. మొత్తం ఏడు. ఏడింట్లోనూ దిట్ట కావడంతో లోకం ఆయనకి 'రెయిన్‌బో హాదీ' అని పేరు పెట్టింది. అంటే ఇంద్రధనుస్సు. మన ఉర్దూలో కౌసె ఖుజా.

పేరు ఊరికే రాలేదు. 1924 పారిస్ ఒలింపిక్స్‌లో ఆయన హిందూస్తాన్ తరఫున టెన్నిస్ ఆడారు. 1924, 1925లలో డేవిస్ కప్ జట్టులో ఉన్నారు. పారిస్ తర్వాత టెన్నిస్‌నే ఒలింపిక్స్ నుంచి తీసేశారు. మళ్ళీ 1988లో గానీ దానికి పతకాలు ఇవ్వలేదు. మన సానియా ఒలింపిక్స్‌లో రాకెట్ పట్టినప్పుడు మన ఇళ్ళల్లో అందరం టీవీల ముందు కూర్చుని దువా చేశాం. ఆమె పుట్టడానికి అరవై ఏళ్ళకు ముందే హైదరాబాదీ ముసల్మాన్ ఒకరు ఆ పోటీల్లో ఆడి వచ్చాడని మనలో ఎంతమందికి మాలూం?

ఇక క్రికెట్. 1934లో దేశవాళీ జట్ల మధ్య కొత్త పోటీ మొదలైంది. ఇప్పుడు మనం రంజీ ట్రోఫీ అంటున్నది దాన్నే. ఆ మొదటి సీజన్‌లోనే మద్రాసు మీద హైదరాబాద్ తరఫున హాదీ సాబ్ 132 పరుగులు చేసి నాటౌట్‌గా నిలిచారు. రంజీ చరిత్రలో మొట్టమొదటి సెంచరీ అది. ఆ తర్వాత ఎన్ని వేల సెంచరీలు వచ్చినా మొదటిది మొదటిదే. అప్పటికి ఆయన వయసు 35. ఈ రోజుల్లో ఆ వయసుకి రిటైర్మెంట్ మాట ఎత్తుతారు.

1936లో విజయనగరం మహారాజకుమార్ కెప్టెన్సీలో హిందూస్తాన్ జట్టు ఇంగ్లండ్ వెళ్ళింది. లాలా అమర్‌నాథ్‌ను మధ్యలో ఇంటికి పంపేసిన బద్‌నాం సఫర్ అది. ఆ జట్టుతో ఖజాంచీగా వెళ్ళింది హాదీ సాబే.

నా దృష్టిలో ఆయన కహానీలో అసలు హిస్సా దీని తర్వాతిది. తన ఆట అయిపోయాక ఆయన ఇంట్లో కూర్చుని కప్పులు తుడుచుకోలేదు. 1939లో హైదరాబాద్ ఫుట్‌బాల్ అసోసియేషన్ ఏర్పడినప్పుడు దాని అధ్యక్షుడయ్యారు. 1940లలో అదే అసోసియేషన్‌కి కార్యదర్శిగా వచ్చిన బడిపంతులు సయ్యద్ అబ్దుల్ రహీం. రహీం సాబ్ తయారుచేసిన హైదరాబాద్ సిటీ పోలీస్ జట్టు 1950 నుంచి 1954 దాకా వరుసగా ఐదుసార్లు రోవర్స్ కప్ గెలిచింది. ఆయన కోచ్‌గా ఉన్న దేశపు జట్టు 1956 ఒలింపిక్స్‌లో నాలుగో స్థానంలో నిలిచింది, 1962 ఏషియన్ గేమ్స్‌లో బంగారం తెచ్చింది. దేవిడీలో పెరిగిన హాదీ సాబ్, బడిలో పాఠం చెప్పుకునే రహీం సాబ్ ఒకే సంఘం కోసం పనిచేశారు. వాళ్ళ మైదానంలో బస్తీ పిల్లలు ఆడారు. స్వాతంత్ర్యం తర్వాత హాదీ సాబ్ అఖిల భారత క్రీడా మండలిలో ఖిదమత్ చేశారు. 1971 జులై 14న కన్నుమూశారు. అల్లా ఆయన్ని మగ్ఫిరత్ చేయుగాక.

ఇదంతా విని మావాడు ఒక్క సవాల్ వేశాడు. "ఆయనకి నవాబు ఇల్లుండె. మనకేముంది అబ్బా?"

సవాల్ సహీ. గుర్రం, పోలో, కేంబ్రిడ్జ్ మన దగ్గర ఎక్కడున్నాయి? నాచారంలో షెడ్డుకు పోయే బాపుకి, మిషను కుట్టే అమ్మీకి బ్యాటు కొనడమే పరేషాన్. హాదీ సాబ్‌కి ఏడు ఆటల హునర్ అల్లా ఇచ్చాడు. ఏడు దర్వాజాలు తెరిచింది మాత్రం మనుషులు. తండ్రి లేని బిడ్డని ఎవరో ఒకరు ఆడనిచ్చారు, చదవనిచ్చారు. ఆ కర్జ్‌ని ఆయన వేరే పిల్లలకి తీర్చారు. మన దగ్గర నవాబులు లేకపోయినా మొహల్లా ఉంది. షాదీలో ఒక రాత్రి లైట్లకు పెట్టే ఖర్చుతో పది మంది పిల్లలకి బూట్లు వస్తాయి.

ఆ సాయంత్రం వాణ్ణి బండి మీద ఉప్పల్ స్టేడియం దాకా తీసుకెళ్ళాను. జింఖానా నుంచి ఫతే మైదాన్‌కి, ఫతే మైదాన్ నుంచి ఇక్కడికి వచ్చింది మన షహర్ క్రికెట్. మ్యాచ్ లేదు, గేట్లు మూసి ఉన్నాయి. బయట జెర్సీలు అమ్ముకునే పిల్లల్ని అడిగాను, "హాదీ ఎవరో తెలుసా?" అని. "ఏ టీం అన్నా?" అన్నారు. వాళ్ళ తప్పేం లేదు. చెప్పాల్సిన మనమే చెప్పలేదు.

తిరిగొచ్చేటప్పుడు హబ్సిగూడ సిగ్నల్ దగ్గర వాడికి చెప్పాను. "ఫుట్‌బాల్ బంద్ చెయ్యకు బేటా. కోచ్ సాబ్‌తో నేను మాట్లాడ్త. కానీ లెక్కల పరీక్షలో తక్కువొస్తే మాత్రం మూడూ బంద్."

వెనక నుంచి నవ్వు వినిపించింది. "షత్రంజ్ కూడానా?"

"షత్రంజ్ మాత్రం దాదాని అడుగు" అన్నాను.