కంసాలి మాటేమిటి?

ఆర్కిమెడిస్ అనగానే ఎవరికైనా గుర్తొచ్చేది స్నానాల తొట్టి. "యురేకా!" అని కేకవేసి, ఒంటిమీద బట్టలేదన్న సంగతి కూడా మరిచిపోయి వీధిలో పరుగెత్తిన మహానుభావుడాయె! నేను ఆర్ట్సు చదివినదాన్ని. సైన్సులో నాకు మిగిలింది ఆ పరుగొక్కటే. కానీ కథలు రాసేదాన్ని కనుక, నా చూపు ఆ కథలో ఎవరూ పట్టించుకోని మనిషి మీదికి పోతుంది. ఆ కిరీటం చేసిన కంసాలి మాటేమిటి?

క్రీస్తుకు పూర్వం మూడవ శతాబ్దంలో సిసిలీ ద్వీపంలోని సిరక్యూజ్‌ను ఏలిన రాజు హైరాన్. దేవుడికి సమర్పించాలని బంగారు కిరీటం చేయించాడు. ఇచ్చిన బంగారమెంతో కిరీటమూ అంతే తూగింది. అయినా అందులో వెండి కలిసిందని ఎవరో రాజు చెవిన వేశారు. దేవుడి సొమ్ము, విరగ్గొట్టి చూడ్డమెలా? నిజం తేల్చమని ఆర్కిమెడిస్‌కు అప్పగించారు.

ఈ కథ రాసిపెట్టినవాడు విట్రూవియస్ అనే రోమను వాస్తుశాస్త్రజ్ఞుడు. అదీ దాదాపు 200 ఏళ్ల తర్వాత! నిండు పాత్రలో కిరీటాన్ని ముంచి ఎన్ని నీళ్లు పొర్లాయో చూడ్డం, అంతే బరువున్న బంగారు ముద్దను ముంచి మళ్లీ చూడ్డం - ఇదీ ఆయన చెప్పిన పరీక్ష. వెండి కలిస్తే కిరీటం ఎక్కువ చోటు ఆక్రమిస్తుంది, ఎక్కువ నీళ్లు పొర్లుతాయి.

వినడానికి బాగానే ఉంది. చిన్న లెక్క వేసి చూడండి. కిరీటం కిలో బరువనుకుందాం. మేలిమి బంగారమైతే సుమారు 52 ఘన సెంటీమీటర్ల నీళ్లు పొర్లుతాయి. నూటికి 30 పాళ్లు వెండి కలిస్తే 65. తేడా మూడు చెంచాలైనా నిండదు! 20 సెంటీమీటర్ల వెడల్పున్న పాత్రలో అది అర మిల్లీమీటరు ఎత్తు కూడా కాదు. ఆ కాసిని నీళ్లమీద ఒక మనిషి పరువు, బహుశా ప్రాణం కూడా వేలాడుతున్నాయి. కొలిచే చెయ్యి కాస్త తొణికితే?

1586లో 22 ఏళ్ల గెలీలియోకూ ఈ పద్ధతి మోటుగానే తోచింది. అంతటి ఆర్కిమెడిస్ ఇలా చేసి ఉంటాడని ఆయన నమ్మలేదు. తేలే వస్తువుల గురించి ఆర్కిమెడిస్ రాసిన గ్రంథంలో కిరీటం ఊసే లేదు గానీ, అసలు కీలకం అందులోనే ఉంది: మునిగిన వస్తువు, తాను తొలగించిన నీటి బరువెంతో అంత తేలికవుతుంది.

బావిలో నీళ్లు తోడిన చేతులకు ఇది కొత్త సంగతేం కాదు. నీళ్లలో ఉన్నంతసేపూ బొక్కెన చెప్పినట్టు వింటుంది. నీటిని దాటి పైకొచ్చిందా, భుజాలు పీకేస్తుంది.

కాబట్టి త్రాసుకు ఒక పక్క కిరీటం, మరోపక్క అంతే బరువు మేలిమి బంగారం కట్టి, రెంటినీ నీళ్లలోకి దించితే సరి. కల్తీ ఉంటే నీరు కిరీటాన్ని ఎక్కువగా మోస్తుంది; ఆ పక్క పైకి లేస్తుంది. మన లెక్కలో తేడా 13 గ్రాములు, తులం పైమాటే! తులం తేడా చెప్పలేని త్రాసుంటుందా? గెలీలియో ఇంకా సూక్ష్మానికి పోయి, త్రాసు దండెకు సన్నని తీగ చుట్టి, ఆ చుట్లమీద మొన ఆడిస్తూ చప్పుడును బట్టి లెక్కపెట్టమన్నాడు.

దొంగతనం రుజువైందని విట్రూవియస్ కథ ముగించేశాడు. కంసాలి పేరు లేదు, అతను ఏం చెప్పుకున్నాడో లేదు. నిజంగా దొంగే కావచ్చు. అయినా నేను రాస్తే ఆ కథలో ఆర్కిమెడిస్ పరుగెత్తడు. కంసాలిని పిలిపించి, అతని కళ్లముందే త్రాసును నీళ్లలోకి దించుతాడు.