ఎంపిక ముందు, ఆజ్ఞ తరువాత: షిఫ్ట్, కంట్రోల్ మీటల చరిత్ర

పరిచయం

మీరు కంప్యూటరులో ఒక ఫోల్డరు తెరిచారనుకోండి. అందులో నలభై ఫైళ్లున్నాయి. మొదటి ఫైలుపై క్లిక్ చేసి, షిఫ్ట్ మీట నొక్కిపట్టి పదవ ఫైలుపై క్లిక్ చేస్తే ఆ పదీ ఒకేసారి ఎంపికవుతాయి. అక్కడొకటి, ఇక్కడొకటి కావాలంటే కంట్రోల్ మీట నొక్కిపట్టి ఒక్కొక్కదానిపై క్లిక్ చేయాలి. అన్నీ కావాలంటే కంట్రోల్, ఏ మీటలను కలిపి నొక్కాలి. వీటిని మనం చిట్కాలుగా నేర్చుకుంటాం. కాని వీటి వెనుక వందేళ్లకు పైబడిన చరిత్ర ఉంది. మనిషి చేసే చిన్న పొరపాటు పెద్ద నష్టం కాకుండా యంత్రాన్ని ఎలా తీర్చిదిద్దాలి అన్నది ఆ చరిత్రలోని ముఖ్యమైన ప్రశ్న.

1. రెండు మీటల పుట్టుక

షిఫ్ట్ అంటే జరపడం. 1878లో వచ్చిన రెమింగ్టన్ రెండవ నమూనా టైపురైటరులో ఈ మీట నొక్కితే కాగితాన్ని పట్టి ఉంచే భాగం నిజంగానే జరిగేది. ఒకే కడ్డీపై ఉన్న చిన్న అక్షరానికి బదులు పెద్ద అక్షరం కాగితంపై పడేది. ఇప్పుడు జరిగేదేమీ లేకపోయినా పేరు మిగిలింది. ఇన్‌స్క్రిప్ట్ తెలుగు కీబోర్డులో 'క' ఉన్న మీటనే షిఫ్ట్‌తో నొక్కితే 'ఖ' రావడం ఆ పాత ఏర్పాటుకు కొనసాగింపే.

కంట్రోల్ మీట టెలిప్రింటర్ల నుంచి వచ్చింది. అక్షరాన్ని పంపడానికి కాక, గంట మోగించు, వరుస మార్చు వంటి ఆజ్ఞలను పంపడానికి అది ఉపయోగపడేది. 1963లో అమెరికాలో వెలువడిన ఆస్కీ ప్రమాణం ఇటువంటి ఆజ్ఞలకు ప్రత్యేక సంఖ్యలు కేటాయించింది. అంటే షిఫ్ట్ అక్షరం రూపాన్ని మారుస్తుంది. కంట్రోల్ అక్షరాన్నే ఆజ్ఞగా మారుస్తుంది.

2. కనిపించని ఎంపిక

1981 నాటి ఎమ్‌ఎస్ డాస్‌లో ఫైళ్లను తెరపై ఎంచుకునే వీలు లేదు. ముందు ఆజ్ఞ, తరువాత ఫైలు పేరు టైపు చేయాలి. అనేక ఫైళ్లకు గుర్తుగా నక్షత్రం వాడేవారు. 'డెల్' అనే ఆజ్ఞ పక్కన నక్షత్రం, చుక్క, నక్షత్రం పెడితే ఆ డైరెక్టరీలోని ఫైళ్లన్నీ చెరిగిపోతాయి. అందుకే యంత్రం ఒకసారి 'నిశ్చయమేనా?' అని అడిగేది. అయితే ఏయే ఫైళ్లు పోతున్నాయో ఆ ప్రశ్నలో కనిపించేది కాదు.

ఇటువంటి ప్రమాదాన్ని అమెరికాలోని జిరాక్స్ పార్క్ పరిశోధనశాల 1970లలోనే గమనించింది. అక్కడ బట్లర్ ల్యాంప్సన్, చార్లెస్ సిమోనీ రూపొందించిన బ్రావో అనే రచనా సాధనంలో ఒకే మీట ఒక స్థితిలో అక్షరంగా, మరో స్థితిలో ఆజ్ఞగా పనిచేసేది. ఆజ్ఞల స్థితిలో ఉన్నామని మరచి 'ఎడిట్' అనే ఇంగ్లీషు మాట టైపు చేస్తే, మొదటి అక్షరం మొత్తం పత్రాన్ని ఎంచుకునేది. రెండవది దాన్ని చెరిపేది. మూడవది కొత్త పాఠం చేర్చమనేది. చివరికి ఒక్క 'టి' అక్షరమే మిగిలేది.

లారీ టెస్లర్, టిమ్ మాట్ కలిసి రూపొందించిన జిప్సీ దీనికి పరిష్కారం చూపింది. అందులో ముందు మౌస్‌తో ఎంచుకోవాలి, ఆ తరువాతే ఆజ్ఞ ఇవ్వాలి. దేనిపై పని జరగబోతోందో కంటికి కనిపిస్తుంది. కట్, కాపీ, పేస్ట్ పద్ధతి ఇక్కడే రూపుదిద్దుకుంది.

3. ఫైళ్లకు విస్తరణ

1981లో వచ్చిన జిరాక్స్ స్టార్‌లో ఫైళ్లు బొమ్మలుగా కనిపించాయి. దాని మౌస్‌కు రెండు బొత్తాలు: ఎడమది ఎంచుకోవడానికి, కుడిది ఎంపికను పెంచడానికి. ఆపిల్ సంస్థ లీసా (1983), మాకింటాష్ (1984) యంత్రాలకు ఒకే బొత్తం ఉన్న మౌస్ ఇచ్చింది. దాంతో రెండవ బొత్తం చేసే పని షిఫ్ట్ మీటకు వచ్చింది.

1990లో విడుదలైన విండోస్ 3.0 ఫైల్ మేనేజరులో వరుసగా ఉన్నవాటికి షిఫ్ట్, విడివిడిగా ఉన్నవాటికి కంట్రోల్ అనే విభజన కనిపిస్తుంది. 1995లో వచ్చిన విండోస్ 95 దాన్ని కోట్లమందికి అలవాటు చేసింది. చెరిపిన ఫైలును తిరిగి తీసుకునే వీలు కల్పించిన రీసైకిల్ బిన్ కూడా అప్పుడే విండోస్‌లోకి వచ్చింది.

4. నేటి ఆచరణ

పాత ప్రమాదం పూర్తిగా పోలేదు. షిఫ్ట్‌తో ఫైళ్లను ఎంచుకుని, వేలు తీయకుండానే డిలీట్ నొక్కితే అవి రీసైకిల్ బిన్‌లోకి వెళ్లకుండా శాశ్వతంగా చెరిగిపోతాయి. ముందు వచ్చే హెచ్చరికను చదవకుండా ఎంటర్ నొక్కేవారే ఎక్కువగా నష్టపోతారు. కంట్రోల్ పట్టి క్లిక్ చేస్తున్నప్పుడు మౌస్ కొంచెం జరిగితే ఎంచుకున్న ఫైళ్లన్నింటికీ నకళ్లు తయారవుతాయి. అప్పుడు కంట్రోల్, జెడ్ నొక్కి ఆ పనిని రద్దు చేయవచ్చు.

సారాంశం

షిఫ్ట్ టైపురైటరు నుంచి, కంట్రోల్ టెలిప్రింటరు నుంచి వచ్చాయి. ఎంపికను ఆజ్ఞకు ముందుంచి కంటికి కనిపించేలా చేయడం ఈ చరిత్రలో ప్రధానమైన మలుపు. కాబట్టి ఎంచుకున్న తరువాత మీట నుంచి వేలు తీసి, తెరపై ఒకసారి చూసి, ఆ తరువాతే ఆజ్ఞ ఇవ్వండి.

మీ ప్రగతిని పరీక్షించుకోండి

1. షిఫ్ట్ మీటకు ఆ పేరు ఎలా వచ్చింది?
2. బ్రావోలోని ఏ లోపాన్ని జిప్సీ సవరించింది?
3. ఎంపికను పెంచే పని మౌస్ బొత్తం నుంచి షిఫ్ట్ మీటకు ఎందుకు మారింది?