దొరకని డీఎల్ఎల్ కథ

మదనపల్లె, పుంగనూరు, కుప్పం... ఏ ఊళ్ళో ఫోటో స్టూడియోకి వెళ్ళినా పెళ్ళి ఆల్బమ్ వెనక ఫోటోషాప్ ఉంటుంది. పెళ్ళికూతురి ముఖానికి మెరుపు, వెనకున్న జనానికి మసక, చీర అంచుకు ఇంకాస్త రంగు, అన్నీ ఫిల్టర్ల పనే. పాత ఫిల్టర్లు మొదట సీడీల మీద, తర్వాత పెన్‌డ్రైవ్‌ల మీద చేతులు మారుతూ వచ్చేవి. అలా తెచ్చుకున్నదాన్ని నొక్కితే ఒక్కోసారి తెర మీద చిన్న డబ్బా ప్రత్యక్షమయ్యేది: ఎంఎస్‌వీసీఆర్‌టీ10 డాట్ డీఎల్ఎల్ దొరకలేదు, ప్రోగ్రామును మళ్ళీ ఇన్‌స్టాల్ చేసి చూడండి. ఫోటోషాప్‌ను మళ్ళీ ఎక్కించినా లాభం ఉండేది కాదు. లేకుండాపోయిన ఫైలు ఫోటోషాప్‌ది కాదు మరి.

విండోస్‌లో ఇలాంటి ఫైళ్ళ మూలాలు 1985 నవంబరులో ఉన్నాయి. అప్పుడు వచ్చిన మొదటి విండోస్ 256 కేబీ మెమరీతో నడిచేది. ఇవాళ ఫోన్‌లో తీసే ఒక్క ఫోటో అంతకు పదింతలుంటుంది. అంత ఇరుకులో ప్రతి ప్రోగ్రామూ గీత గీయడానికి, అక్షరం రాయడానికి తన సొంత కోడు మోసుకొస్తే ఎలా? ఊళ్ళో పెళ్ళికి ఎవరికి వాళ్ళు గుండిగలు కొంటారా, గుడిలో ఉన్నవే అందరూ తెచ్చుకుంటారు గానీ. అలా ఉమ్మడిగా వాడుకునే కోడు ఫైలే డైనమిక్ లింక్ లైబ్రరీ, పొట్టిగా డీఎల్ఎల్. ఈ ఆలోచన మైక్రోసాఫ్ట్ సొంతమేమీ కాదు, 1960ల నాటి మల్టిక్స్ అనే ఆపరేటింగ్ సిస్టమ్‌లోనే ఉంది.

ఫోటోషాప్ 1990లో మాకింటోష్ మీద పుట్టి, తర్వాత విండోస్‌కు వచ్చింది. విండోస్‌లో దాని ఫిల్టర్ ఫైలు పేరు చివర 8బీఎఫ్ అని ఉంటుంది. పేరు వేరే గానీ అదీ డీఎల్ఎల్లే. ఫోటోషాప్ 3తో పాటు అడోబీ ‘ఫిల్టర్ ఫ్యాక్టరీ’ అని ఒకటి ఇచ్చింది. ఎరుపు, ఆకుపచ్చ, నీలం రంగులకు తలా ఒక సూత్రం రాస్తే చాలు, కొత్త ఫిల్టర్ తయారు. ప్రోగ్రామింగ్ రానివాళ్ళు కూడా బోలెడన్ని చేసి జనానికి పంచారు. చిక్కల్లా, అవి నడవాలంటే రెండు ఫైళ్ళు తోడుండాలి: అడోబీ వారి ప్లగిన్ డాట్ డీఎల్ఎల్, మైక్రోసాఫ్ట్ ప్రోగ్రామింగ్ సాధనం విజువల్ సీ ప్లస్ ప్లస్‌తో వచ్చిన ఎంఎస్‌వీసీఆర్‌టీ10. ఈ ఫిల్టర్లనే పెయింట్ షాప్ ప్రో అనే వేరే ఫోటో సాఫ్ట్‌వేర్‌లో వాడేవాళ్ళ దగ్గర మొదటిది ఉండేదే కాదు. ఎక్కడో సంపాదించి విండోస్ సిస్టమ్ ఫోల్డర్‌లో పడేసేవారు.

ఆ ఫోల్డరే పెద్ద తంటా. కొత్తగా ఎక్కించిన సాఫ్ట్‌వేర్ తన పాత డీఎల్ఎల్‌ను అక్కడి కొత్తదాని మీద రాసేస్తే, నిన్నటిదాకా బాగా నడిచిన ఇంకో ప్రోగ్రాము ఇవాళ మొరాయించేది. దీన్ని ‘డీఎల్ఎల్ నరకం’ అన్నారు. మెమరీ పొదుపు చేయబోతే ఇదీ ఫలితం. విండోస్ 2000లో సిస్టమ్ ఫైళ్ళకు కాపలా పెట్టారు, 2001లో ఎక్స్‌పీ వచ్చాక వేర్వేరు వెర్షన్లను పక్కపక్కనే దాచారు.

   

డీఎల్ఎల్‌ల ఈ ఉమ్మడి బతుకు తెలుగు అక్షరాన్నీ వదల్లేదు. ‘స్త్రీ’ అని రాస్తే కంప్యూటర్ దాచుకునేది ఆరు ముక్కలు: స, పొల్లు, త, పొల్లు, ర, ఈకారం. వాటిని ఒక్క అక్షరంగా పేర్చే పని ఎక్స్‌పీ నాటి విండోస్‌లో యూఎస్‌పీ10 అనే డీఎల్ఎల్‌ది. ఎక్స్‌పీతో గౌతమి అనే తెలుగు ఫాంటు వచ్చింది గానీ, సంక్లిష్ట లిపుల ఫైళ్ళను కంట్రోల్ ప్యానెల్‌లోకి వెళ్ళి విడిగా ఎక్కించుకోవాల్సి వచ్చేది. అందుకు కంప్యూటర్ ఎక్స్‌పీ సీడీ అడిగేది. సీడీ చేతిలో లేకపోతే తెలుగు కోసం ఆగాల్సిందే.

ఇప్పుడు ఇలాంటి డబ్బా కనబడితే చాలామంది ఆ ఫైలు పేరే వెతికి, ఎవరు పెట్టారో తెలియని చోటి నుంచి దించుకుంటారు. అందులో వైరస్ ఉంటే ఫైలు దొరికినట్టే, కంప్యూటర్ పోయినట్టే. దొరకని ఫైలు వీసీరన్‌టైమ్140 లాంటిదైతే మైక్రోసాఫ్ట్ నుంచే విజువల్ సీ ప్లస్ ప్లస్ ప్యాకేజీ తెచ్చి ఎక్కించాలి. సిస్టమ్ ఫైలు చెడితే ఎస్ఎఫ్‌సీ స్కాన్‌నౌ అనే ఆదేశం నడపాలి. పాత ఫిల్టర్ అడిగే ఫైలును సిస్టమ్ ఫోల్డర్‌లో కాకుండా ఫోటోషాప్ ఉన్న ఫోల్డర్‌లోనే పెడితే మేలు, విండోస్ ముందు అక్కడే వెతుకుతుంది. అయితే ఫోటోషాప్ 64 బిట్‌దై, ఫిల్టర్ 32 బిట్ నాటిదైతే ఏ ఫైలు తెచ్చిపెట్టినా పనికిరాదు. ఎర్రర్ కూడా రాదు, మెనూలో ఆ పేరే కనబడదు.