రామ్‌కింకర్ బైజ్

రామ్‌కింకర్ బైజ్ (1906 మే 25 – 1980 ఆగస్టు 2) బెంగాల్‌కు చెందిన శిల్పి, చిత్రకారుడు. భారతీయ ఆధునిక శిల్పానికి ఆద్యుడిగా ఆయన పేరే చెబుతారు. రాజులకూ నాయకులకూ విగ్రహాలు పోతపోస్తున్న రోజుల్లో ఆయన కూలికి పోయే సంతాల్ గిరిజనులను మనిషెత్తుకు మించిన శిల్పాలుగా ఆరుబయట నిలబెట్టాడు. అవి కంచుతోనో పాలరాతితోనో చేసినవి కావు. ఇళ్లు కట్టే సిమెంటుతో చేసినవి.

పుట్టింది బాంకురాలో, ఓ పేద క్షురక కుటుంబంలో. చిన్నప్పుడు ఇరుగుపొరుగు కుమ్మరులు బొమ్మలు చేస్తుంటే చూస్తూ మట్టి పట్టాడు. నాటకాలకు తెరలు గీశాడు. సహాయ నిరాకరణోద్యమం నాడు ఫొటోలు చూసి నాయకుల చిత్రాలు వేశాడు. ‘ప్రవాసి’, ‘మోడరన్ రివ్యూ’ పత్రికల సంపాదకుడు రామానంద చటర్జీది కూడా బాంకురాయే. కుర్రవాడి పనితనం గమనించి 1925లో శాంతినికేతన్‌లోని కళాశాల కళాభవన్‌కు చేర్చాడు. అక్కడ చిత్రకారుడు నందలాల్ బోస్ దగ్గర చదువుకున్న రామ్‌కింకర్, తర్వాత అక్కడే శిల్పం నేర్పే అధ్యాపకుడై జీవితమంతా ఆ ఊళ్లోనే గడిపాడు.

కంచు పోతకు డబ్బు కావాలి. రాయి తెప్పించాలన్నా డబ్బే. శాంతినికేతన్ చుట్టూ దండిగా దొరికేది ఎర్ర మొరం. ఇనుప చువ్వలతో అస్థిపంజరం లాంటి చట్రం కట్టి, మొరం కంకరను సిమెంటులో కలిపి, ఆ ముద్దను చేత్తో విసిరి చట్రానికి పట్టించేవాడు. పూర్తిగా గట్టిపడేలోపు చెక్కి రూపం తేల్చేవాడు. తాపీమేస్త్రి గోడకు గరుకు పూత చల్లినట్టుండే ఆ ఉపరితలాన్ని నునుపు చేయడానికి ఆయన ప్రయత్నించలేదు. కంకర కనిపిస్తూనే ఉంటుంది. దీన్ని పేదరికం తెచ్చిన సర్దుబాటు అనడం తేలికే కానీ, తీసుకున్న విషయానికి అంతకన్నా తగిన పదార్థం మరొకటి తోచదు. సంతాలులు నడిచే నేలే శిల్పమైంది.

ఈ పద్ధతికి తొలి గట్టి రుజువు 1935 నాటి ‘సుజాత’. యూకలిప్టస్ చెట్ల మధ్య చెట్టంత సన్నగా నిలిచిన స్త్రీ రూపమది. తలపై పాత్ర పెట్టమని నందలాల్ సూచించాకే అది బుద్ధుడికి పాయసం తెచ్చే సుజాత అయిందంటారు. ఆ శిల్పం చూసిన రవీంద్రనాథ్ ఠాగూర్ పిలిపిస్తే రామ్‌కింకర్ చీవాట్లు తప్పవనుకుంటూ వెళ్లాడట. శాంతినికేతన్ ఆశ్రమమంతా ఇలాంటి బొమ్మలతో నింపమని ప్రోత్సాహం దొరికింది.

1938లో ‘సంతాల్ కుటుంబం’ వచ్చింది. మగవాడి భుజాన కావడి, కావడి తట్టలో పిల్ల, పక్కన భార్య, వెంట కుక్క. ఉన్న కాస్త సామానుతో ఎక్కడికో పని వెతుక్కుంటూ పోతున్నారు. ఆ ముఖాల్లో దైన్యం ఎక్కడా లేదు, ఆ నడకలో పురాణ పురుషుల ఠీవి ఉంది. 1956 నాటి ‘మిల్లు పిలుపు’లో వేగం మరీ ఎక్కువ. సైరన్ విని ఇద్దరు సంతాల్ స్త్రీలు పరుగు తీస్తుంటారు, తడి చీరలు గాలికి రెపరెపలాడుతూ ఆరుతుంటాయి. అంత బరువైన కాంక్రీటులో అంత గాలి ఎలా ఇమిడిందన్నది దగ్గర నిలబడి చూసినా అంతుపట్టదు. 1940 నాటి ‘దీపస్తంభం’ మాత్రం మనిషి ఆకారాన్ని దాదాపు వదిలేసిన నైరూప్య శిల్పం.

చిత్రకారుడిగానూ ఆయన ఒకచోట నిలవలేదు. బెంగాల్ సంప్రదాయం నీటిరంగుల మీద మమకారం చూపుతున్నప్పుడు ఆయన తైలవర్ణాలు పట్టాడు, క్యూబిజాన్ని తన పద్ధతిలో వాడుకున్నాడు. మణిపురి విద్యార్థిని బినోదిని రూపచిత్రాలు వాటిలో పేరుపొందాయి. తన చిత్రాలను దాచుకోవడం మాత్రం ఆయనకు చేతకాలేదు. వానాకాలంలో కారే ఇంటి కప్పుకు ఆ కాన్వాసులనే అడ్డం పెట్టేవాడన్న కథ శాంతినికేతన్‌లో నేటికీ చెప్పుకుంటారు.

ఢిల్లీ రిజర్వ్ బ్యాంకు భవనం ముందున్న యక్షుడు, యక్షిణి ఆయన చేతికి వచ్చిన పెద్ద ప్రభుత్వ పని. కాంగ్రా లోయ ఇసుకరాయిలో చెక్కించిన ఈ జంట 1950లలో మొదలై 1967కు గానీ పూర్తి కాలేదు. యక్షుడికి మథుర మ్యూజియంలోని పార్ఖం యక్షుడు ఆధారం. నగ్నంగా ఉన్న యక్షిణి మీద పార్లమెంటులో ప్రశ్నలు కూడా లేచాయి. ఆ గొడవను పక్కనబెట్టి చూస్తే, డబ్బూ రాయీ రెండూ సమకూరిన చోట ఆయన చేయి కాస్త బిగుసుకుందనే అనిపిస్తుంది.

1970లో పద్మభూషణ్ అందుకున్నాడు. 1975లో సినీ దర్శకుడు ఋత్విక్ ఘటక్ ఆయనపై తీయ మొదలుపెట్టిన డాక్యుమెంటరీ, దర్శకుడి మరణంతో అసంపూర్తిగా మిగిలింది. శిష్యుల్లో శంఖో చౌధురి, శాంతినికేతన్‌లోనే చదివిన కె.జి. సుబ్రహ్మణ్యన్ తర్వాత బరోడా కళాశాలలో అధ్యాపకులుగా చేరారు. మెదక్ జిల్లా నిజాంపూర్‌లో పుట్టిన చిత్రకారుడు లక్ష్మా గౌడ్ 1960లలో అక్కడే సుబ్రహ్మణ్యన్ దగ్గర చదువుకున్నాడు. 2012లో ఢిల్లీలోని నేషనల్ గ్యాలరీ ఆఫ్ మోడర్న్ ఆర్ట్ రామ్‌కింకర్ కృషినంతా ఒకచోట చేర్చి ప్రదర్శించింది. పెద్ద కాంక్రీటు శిల్పాలు మాత్రం నేటికీ శాంతినికేతన్‌లో, ఆయన నిలబెట్టిన ఆవరణలోనే ఉన్నాయి.