తీగల మీద యుద్ధం

ఔరంగజేబు 1687లో గోలకొండను ముట్టడించి ఎనిమిది మాసాలు కోట బయట కూర్చున్నాడు. ఫిరంగులతో గోడ కూలలేదు. గోడల క్రింద సొరంగాలు త్రవ్వి మందుగుండు కూరించినారు. కోటలోనివారు ఆ సంగతి పసిగట్టి కొంత మందు తీసివేసి నీళ్లు పోసినారు. అంటించినప్పుడు ప్రేలుడు వెనుకకు తన్ని మొగలు సైనికులే చాలామంది చచ్చినారు. చివరకు సెప్టెంబరులో ఒక రాత్రి, లోపలి సర్దారొకడు దిడ్డి తలుపు తీసిపెట్టగా కోట పట్టుబడినది. ఈ రెండు సంగతులనూ పాఠకులు జ్ఞాపకం ఉంచుకొనవలెనని కోరుతున్నాను. ఇక చెప్పబోయేది కంప్యూటర్ల మీద జరిగే దాడులను గురించి అయినా, వెనుకకు తన్నే మందుగుండూ, లోపలినుండి తెరుచుకొనే దిడ్డీ అందులో కూడా కనబడతాయి.

ఒక ప్రభుత్వం తన సైన్యం చేతగాని, తాను పోషించే నిపుణుల చేతగాని, మరొక దేశపు కంప్యూటర్లలోనికి రహస్యంగా ప్రవేశించి, సమాచారాన్ని దొంగిలించడమో, యంత్రాలను ఆపివేయడమో చేయించితే దానిని సైబర్ దాడి అంటున్నారు. పేరు కొత్తది గాని పని పాతదే. 1914 ఆగస్టు 5వ తేదీన, బ్రిటన్ జర్మనీ మీద యుద్ధం ప్రకటించిన కొన్ని గంటలకే, ‘అలర్ట్’ అనే ఓడ ఇంగ్లీషు చానల్ అడుగున ఉన్న జర్మనీవారి టెలిగ్రాఫు తీగలను ఐదింటిని పైకిలాగి తెగగొట్టినది. జర్మనీవారూ ఊరకుండలేదు. సెప్టెంబరు 22వ తేదీ రాత్రి మద్రాసు రేవులోని చమురు తొట్లను తగులబెట్టి మన కోస్తా ప్రజలను హడలగొట్టిన ‘ఎమ్డెన్’ నౌక, నవంబరు 9న కోకోస్ దీవులలోని టెలిగ్రాఫు కేంద్రం మీద పడినది. తీగలు తెగే లోపల అక్కడి ఉద్యోగులు ఒక్క వార్తను బయటికి పంపగలిగినారు. ఆ వార్త విని ఆస్ట్రేలియా యుద్ధనౌక ‘సిడ్నీ’ వచ్చి అదేనాడు ఎమ్డెన్‌ను చావుదెబ్బ కొట్టినది.

తెగిన జర్మనీ తీగల కథ అంతటితో ముగియలేదు. సొంత తీగలు లేని జర్మనీకి, శాంతి సంప్రదింపుల కోసమని, అప్పటికి తటస్థంగా ఉన్న అమెరికా తన దౌత్య తీగను వాడుకోనిచ్చినది. 1917 జనవరిలో జర్మనీ విదేశాంగమంత్రి జిమ్మర్‌మన్, మెక్సికోను అమెరికా మీదికి ఉసిగొల్పే రహస్య వార్తను సాక్షాత్తు ఆ అమెరికా తీగ మీదనే పంపినాడు! ఆ తీగ ఇంగ్లండు మీదుగా పోతున్నది. బ్రిటిషు నౌకాదళంవారు దానిని విని, సంకేతాలను విప్పినారు. ఏప్రిల్‌లో అమెరికా యుద్ధంలో దిగినది. తమ మిత్రులే తమ తీగను వింటున్నారన్న సంగతి అమెరికాకు ఆనాడు తెలియదు. శత్రువు తీగను తెంచితే, ఆ పని తటస్థుని ఇంటిదాకా పోయినదన్నమాట.

నాటి తీగ మాటను మాత్రమే మోసినది. నేటి తీగ ఆజ్ఞను కూడా మోస్తున్నది. ఎక్కడో ఒక గదిలో కూర్చున్న ఉద్యోగి మీట నొక్కితే నూరు మైళ్ల అవతల సబ్‌స్టేషన్‌లో బ్రేకర్ తెరుచుకుంటుంది. ఆ ఉద్యోగి స్థానంలో శత్రువు కూర్చుంటే ఏమవుతుందో 2015 డిసెంబరు 23న ఉక్రెయిన్‌లో తెలిసినది. క్రిమియాను రష్యా ఆక్రమించినది మొదలు ఆ రెండు దేశాల నడుమ పోరు సాగుతున్న కాలమది. ఇవానో-ఫ్రాంకివ్‌స్క్ ప్రాంతపు విద్యుత్ సంస్థలో పనిచేసేవారి కళ్లముందే తెర మీద మౌస్ బాణం దానంతట అది కదిలి, ఒక్కొక్క బ్రేకర్‌నే తెరవసాగినది. వారు తమ మౌస్‌ను ఎంత లాగినా ప్రయోజనం లేకపోయినది. మూడు పంపిణీ సంస్థల క్రింద సుమారు 2,25,000 మంది వినియోగదారులకు దీపాలు ఆరిపోయినవి. ఫిర్యాదులు అందకుండా టెలిఫోన్లను సైతం దొంగ పిలుపులతో నింపివేసినారు.

ఇందులో రెండు విషయాలు గమనింపదగినవి. శత్రువు ఆనాడు లోపలికి రాలేదు. కొన్ని మాసాల ముందే, ఉద్యోగులకు వచ్చిన ఈమెయిల్ ఉత్తరాలకు తగిలించిన పత్రాల ద్వారా ప్రవేశించి, సంకేతపదాలు సంపాదించి, లోపలి పద్ధతులన్నీ నేర్చుకొని, అదను కోసం వేచి ఉన్నాడు. ఇదే మన దిడ్డి తలుపు. అయితే గోలకొండ సర్దారు తెలిసి తీసినాడు, ఈ ఉద్యోగులు తెలియక తీసినారు. రెండవది, కరెంటు కొన్ని గంటలలో తిరిగి వచ్చిన విధానం. కంప్యూటర్లను బాగుచేసి కాదు. మనుషులు బండ్లెక్కి సబ్‌స్టేషన్లకు పోయి బ్రేకర్లను చేతితో వేసినారు. ఆ పాత పరికరాలను చేతితో నడపడం వచ్చినవారు అప్పటికి ఇంకా కొలువులో ఉన్నారు.

ఇక మన ఊరి సంగతి. ఈ వ్యాసకర్త పాఠాలు చెప్పే కళాశాల పాతబస్తీలో ఉన్నది. యుద్ధం మాట వచ్చినప్పుడల్లా మా విద్యార్థుల చూపు కంచన్‌బాగ్ వైపు పోతుంది. 1962లో అక్కడికి వచ్చిన రక్షణ పరిశోధన ప్రయోగశాల, 1970లో ఏర్పడిన భారత్ డైనమిక్స్ పాతబస్తీకి ఆనుకొనే ఉన్నవి గనుక, శత్రువుకు గురి అవే కదా అని వారి వాదం. క్షిపణులు వేసేవానికి ఆ మాట నిజమే కావచ్చును. కాని కంప్యూటర్ మీదుగా వచ్చేవానికి కంచన్‌బాగ్ కంటె, మొగల్‌పురాలో లాడ్ బజారుకు గాజులు చేసేవారి ఇంటికి వచ్చే కరెంటు తీగ సులువైన గురి.

ఎందువలననగా, ఆ తీగ ఇప్పుడు ఒంటరి తీగ కాదు. 2013 డిసెంబరు 31న రాయచూరు-షోలాపూరు మధ్య 765 కిలోవోల్టుల లైను ద్వారా దక్షిణాది గ్రిడ్డును తక్కిన దేశపు గ్రిడ్డుతో కలిపినారు. అప్పటినుండి కాశ్మీరం మొదలు కన్యాకుమారి వరకు జనరేటర్లన్నీ ఒకే లయలో, సెకనుకు 50 ఆవృత్తుల చొప్పున నడవవలసినదే. వాడకం పెరిగితే పౌనఃపున్యం తగ్గుతుంది, ఉత్పత్తి మించితే పెరుగుతుంది. దీనిని 49.90, 50.05 హెర్ట్జుల నడుమ నిలిపి ఉంచడానికి రాష్ట్రానికొక లోడ్ డిస్పాచ్ కేంద్రం, వాటిపైన ఐదు ప్రాంతీయ కేంద్రాలు అహోరాత్రులు కాపలా కాస్తాయి. ఈ కలయిక వలన లాభం గొప్పది. ఒకచోటి కొరతను మరొకచోటి మిగులు తీరుస్తుంది. నష్టం కూడా అట్టిదే. 2012 జూలై 31న, ఏ శత్రువు ప్రమేయమూ లేకుండానే, ఉత్తర, తూర్పు, ఈశాన్య గ్రిడ్లు కూలి అరువది కోట్లమందికి పైగా చీకటిలో పడినారు. ఆనాటికి మనం వారితో కలియలేదు గనుక దక్షిణాది తప్పించుకున్నది.

గల్వాన్ లోయలో 2020 జూన్‌లో చైనా సైనికులతో ఘర్షణ జరిగి మనవారు ఇరువదిమంది మరణించినారు. ఆ ఉద్రిక్తత సాగుతుండగానే, 2021 ఫిబ్రవరి 28న రికార్డెడ్ ఫ్యూచర్ అనే అమెరికా సంస్థ ఒక నివేదిక వెలువరించినది. చైనాతో సంబంధంగల ఒక ముఠా భారత విద్యుత్ రంగంలోని పది సంస్థలను గురిపెట్టినదనీ, ఐదు ప్రాంతీయ లోడ్ డిస్పాచ్ కేంద్రాలలో నాలుగు అందులో ఉన్నవనీ దాని సారాంశం. ఆ జాబితాలో తెలంగాణ రాష్ట్ర లోడ్ డిస్పాచ్ కేంద్రం కూడా ఉన్నది. కేంద్ర ప్రభుత్వ కంప్యూటర్ రక్షణ సంస్థ హెచ్చరికపై తెలంగాణ విద్యుత్ సంస్థలు మార్చి మొదటివారంలో అనుమానపు చిరునామాలను అడ్డగించి, దూరంనుండి నడిపే బ్రేకర్ల సంకేతపదాలను మార్చినవి. కరెంటు పోలేదు. చైనా ఈ ఆరోపణను కాదన్నది. 2020 అక్టోబరు 12న బొంబాయిలో కరెంటు పోవడాన్ని కూడా కొందరు దీనికి ముడిపెట్టినారు గాని, మహారాష్ట్ర మంత్రి విద్రోహమని అనుమానించగా, కేంద్రమంత్రి మానవ తప్పిదమన్నారు. ఒకే సంఘటనకు ఇద్దరు మంత్రుల నోట రెండు కారణాలు రావడం చూస్తే, ఫిరంగి దెబ్బకూ ఈ దెబ్బకూ గల భేదం బోధపడుతుంది. ఫిరంగి ఎక్కడనుండి పేలినదో తెలుస్తుంది. ఇక్కడ అసలు దెబ్బ తగిలినదా లేదా అనేదే వివాదం.

తగిలితే ఏమవుతుంది? దీపాలు, ఫంకాలు ఆగడం చిన్నమాట. నీటి సంగతి చూడండి. 1908 మూసీ వరదల తరువాత విశ్వేశ్వరయ్యగారి సలహాపై కట్టిన ఉస్మాన్‌సాగర్ 1920లోను, హిమాయత్‌సాగర్ 1927లోను పూర్తయినవి. ఉస్మాన్‌సాగర్ నీరు ఆసిఫ్‌నగర్‌కు, హిమాయత్‌సాగర్ నీరు పాతబస్తీ ప్రక్కనున్న మీరాలంకు, నేలవాలును పట్టుకొని తమంతట తామే ప్రవహించి వచ్చేవి. మోటారు పని లేదు. నగరం పెరిగి ఆ నీరు చాలక, 2004నుండి కృష్ణ, 2015నుండి గోదావరి నీరు తెచ్చుకుంటున్నాము. నాగార్జునసాగర్ పూర్తి మట్టం 590 అడుగులు. హైదరాబాదు ఉన్నది సుమారు 1,700 అడుగుల ఎత్తున. నూరు కిలోమీటర్లకు పైగా నడిపించడం అటుంచి, ఆ వేయి అడుగులు ఎత్తడానికే వేయి లీటర్ల నీటికి ఇంచుమించు ఒక యూనిటు కరెంటు కావలెను. మోటార్లలో, గొట్టాలలో పోయే నష్టం దీనికి అదనం. అందుచేత గ్రిడ్డుకు తగిలిన దెబ్బ, కొన్ని గంటలు దాటితే, హుస్సేనీ ఆలంలో కుళాయికి తగులుతుంది. జనరేటర్ ఉన్న ఆస్పత్రికి దీపాలుంటాయి, నీళ్లుండవు.

ఇక వెనుకకు తన్నే మందుగుండు. మైక్రోసాఫ్ట్ విండోస్‌లోని ఒక లోపాన్ని అమెరికా జాతీయ భద్రతా సంస్థ కనిపెట్టి, చెప్పకుండా దాచుకొని, దానినుండి ఒక ఆయుధం తయారుచేసుకున్నది. ఆ ఆయుధం దొంగలపాలై 2017 ఏప్రిల్‌లో బహిరంగమైనది. మైక్రోసాఫ్ట్‌వారు అంతకు నెలముందే సవరణ విడుదలచేసినా, దానిని వేసుకొననివారు లోకమంతటా ఉన్నారు. మే 12న ‘వానాక్రై’ అనే చీడ ఆ దారినే పట్టి నూటయాభై దేశాలలోని కంప్యూటర్లకు తాళాలు వేసి, తీయడానికి సొమ్ము అడిగినది. ఇది ఉత్తర కొరియా పని అని ఆ సంవత్సరాంతంలో అమెరికా ప్రకటించినది. అమెరికాకు, ఉత్తర కొరియాకు ఉన్న వైరంతో చిత్తూరు, శ్రీకాకుళం జిల్లాలకేమి సంబంధం? కాని ఆనాడు ఆంధ్రప్రదేశ్‌లో ఆ జిల్లాలతో సహా అయిదారు జిల్లాల పోలీసు కంప్యూటర్లు మూతబడినవి.

అదే సంవత్సరం జూన్ 27న, అదే ఆయుధంతో, ఉక్రెయిన్ వర్తకులు పన్ను లెక్కలకు వాడే సాఫ్ట్‌వేర్ ద్వారా ‘నాట్‌పెట్యా’ను వదలినారు. రష్యా సైనిక గూఢచారి శాఖ దీనిని నడిపినదని అమెరికా, బ్రిటన్ నిందించినవి. గురి ఉక్రెయిన్, దెబ్బ డెన్మార్కు నౌకా సంస్థ మేర్స్క్‌కు, ఆగినది బొంబాయి దగ్గరి జవహర్‌లాల్ నెహ్రూ రేవులో ఆ సంస్థ నడిపే ఓడల ఘట్టం. రష్యా 2022 ఫిబ్రవరి 24న ఉక్రెయిన్ మీద దండెత్తిన ఉదయం ఉపగ్రహ ఇంటర్నెట్‌పై దాడి జరిగితే, జర్మనీలో 5,800 గాలిమరలకు దూరనియంత్రణ తెగిపోయినది. ఫిరంగిగుండు పడినచోట పడి చల్లారుతుంది. ఈ ఆయుధం తన నకళ్లను తానే వ్రాసుకుంటూ పోతుంది; శత్రువు ఎవరో, తటస్థుడు ఎవరో దానికి తెలియదు.

2025 మేలో పాకిస్తాన్‌తో జరిగిన నాలుగునాళ్ల పోరాటంలో పదిహేను లక్షల సైబర్ దాడులు జరిగినవనీ, అందులో సఫలమైనవి నూటయాభై మాత్రమేననీ మహారాష్ట్ర సైబర్ పోలీసులు ప్రకటించినారు. మొదటి అంకె చూసి కంగారుపడనక్కరలేదు. కంప్యూటర్‌చేత వీధిలోని ప్రతి తలుపునూ తట్టించి చూడడాన్ని కూడా దాడిగానే లెక్కిస్తారు. రెండవ అంకె చూసి నిశ్చింతగా ఉండడానికీ వీలులేదు. ఉక్రెయిన్‌లో మాసాల తరబడి లోపల కూర్చున్నవాడు ఆ కాలమంతా ఏ లెక్కలోనూ లేడు. ఆ వారమంతా నగరంలో మొబైల్ ఫోన్ల మీద తిరిగిన పుకార్లు మరొక వ్యాసానికి సరిపోతాయి.

మీరాలం నీటిశుద్ధి కేంద్రంలో పాత ఇసుక తొట్లు ఏవి ఎందుకు పనికివస్తాయో, జంట జలాశయాల నీటితో పాతబస్తీకి కరెంటు లేకుండా ఎన్ని రోజులు కనీసపు తాగునీరు అందించవచ్చునో లెక్క కట్టడం మన ఇంజనీరింగు కళాశాలల విద్యార్థులకు సాధ్యమైన పనే. జలాశయాల మట్టాలను జలమండలి ఏరోజుకారోజు ప్రకటిస్తూనే ఉన్నది.